అవార్డులు పక్కన పెట్టు, టైటిల్స్ చూడు

తమ్ముడూ,

బెర్తా నవారో మీద నువ్వు పంపిన వ్యాసం చదివాను. మెక్సికన్ సినిమా అనగానే మనవాళ్లు దర్శకుల దగ్గరే ఆగిపోతారు. నువ్వు నిర్మాతను ఎంచుకున్నావు, నాకు చాలా సంతోషమేసింది, అందుకే ఇంత వివరంగా రాస్తున్నా.

మొదటి వాక్యంలోనే ఆవిడ నిర్మాతల్లో ఒకరైన ‘పాన్స్ లాబిరింత్’, దానికొచ్చిన మూడు ఆస్కార్లు అనేశావు. ఆ సినిమా వచ్చింది 2006లో. ఆవిడ ప్రయాణం 1970ల మొదట్లో పాల్ లెడూక్ తీసిన ‘రీడ్, మెక్సికో ఇన్సుర్హెంతే’తోనే మొదలైంది. చేతిలో డబ్బు తక్కువ, చవకైన 16 ఎంఎం సన్న ఫిల్ము మీద తీసి, తర్వాత థియేటర్ల కోసం 35 ఎంఎంకి పెంచి, సెపియా (పాత ఫొటోల గోధుమ) రంగులో విడుదల చేశారు. చూస్తుంటే మెక్సికో విప్లవం నాటి పాత ఫొటోలు కదులుతున్నట్టే ఉంటుంది.

ఇక అసలు సంగతి. 1991లో వచ్చిన ‘కబేసా దే వాకా’ టైటిల్స్ చివరిదాకా చూడు. నిర్మాతల్లో ఆవిడ, కెమెరా ఆవిడ తమ్ముడు గియెర్మో నవారో, స్పెషల్ మేకప్ చేసినవాళ్లలో గియెర్మో దెల్ తోరో అని ఓ కుర్రాడు, తర్వాత ‘పాన్స్ లాబిరింత్’ తీసిన దర్శకుడు అతనే. రెండేళ్లకి ఆ కుర్రాడి మొదటి సినిమా ‘క్రోనోస్’కి ఆవిడే నిర్మాత, ఆ తమ్ముడిదే కెమెరా. ఖర్చు సుమారు 20 లక్షల డాలర్లు, ఆ రోజుల్లో మెక్సికన్ సినిమాకి అది చాలా పెద్ద మొత్తం, పైగా రక్తం రుచి మరిగిన ఒక ముసలాయన కథ. దెల్ తోరో అప్పులపాలయ్యాడు కూడా. మేకప్ చేసే కుర్రాడిలో దర్శకుణ్ణి చూడటం, అతని కోసం అంత డబ్బు కూడగట్టడం, నా దృష్టిలో ఆవిడ కెరీర్ అంటే అదీ. నీ వ్యాసంలో దానికి ఒక్క ముక్క లేదు.

‘డబ్బు పెట్టే మనిషి’ అని రాశావు చూడు, అది మార్చు. అక్కడ ఇండిపెండెంట్ నిర్మాత పని జేబులోంచి తీసి పెట్టడం కాదు, ఇమ్సినే లాంటి ప్రభుత్వ సంస్థ దగ్గర కొంత, విదేశీ భాగస్వాముల దగ్గర కొంత తెచ్చి సినిమా పూర్తయ్యేదాకా లాక్కురావడం. 2001లో దెల్ తోరో సినిమా ‘డెవిల్స్ బ్యాక్‌బోన్’ను స్పెయిన్‌లో, అక్కడి పేరున్న దర్శకుడు పెద్రో అల్మోదోవార్, ఆయన తమ్ముడి సంస్థతో కలిసి తీశారు, అది రాస్తే పాఠకుడికి విషయం అర్థమవుతుంది.

‘ఉక్కు మహిళ’ అన్న మాట కూడా తీసెయ్. 1991 నుంచి మొదలుపెట్టి మళ్లీ రాయి. నెలాఖరులోపు పంపితే ఇద్దరం కూర్చుని లైను లైను చూద్దాం.