ప్లాన్‌లో పార్కు, నేల మీద ప్లాట్లు

ప్రశ్న: శంకర్‌పల్లి దగ్గర 12 ఎకరాల హెచ్‌ఎండీఏ (హైదరాబాద్ మహానగరాభివృద్ధి సంస్థ) వెంచర్‌లో 2022 ఆగస్టులో 200 గజాల ప్లాటు కొని రిజిస్ట్రేషన్ చేయించుకున్నాను. అప్పుడు చూపించిన లేఅవుట్‌లో తూర్పు వైపు పార్కు ఉంది. నెల కిందట అక్కడ హద్దురాళ్లు పాతి 300 గజాల చొప్పున నాలుగు ప్లాట్లు చేశారు. అడిగితే వెంచర్ యజమాని ‘మీకు ప్లాటు అమ్మాను, పార్కు అమ్మలేదు, ఆ భూమి ఇంకా నా పట్టాయే’ అంటున్నాడు. పక్క భూమిలో ఫేజ్-2 వేస్తూ మా రోడ్డు మీదుగానే దారి తీస్తున్నాడు. డ్రైనేజీ సగంలో ఆగింది. మా బావమరిది ఇదే వెంచర్‌లో ఇంకో ప్లాటుకు డబ్బంతా కట్టి అగ్రిమెంటు రాయించుకున్నాడు. అది మార్ట్‌గేజ్‌లో (తనఖాలో) ఉందంటూ మూడేళ్లుగా రిజిస్ట్రేషన్ చేయడం లేదు. మేం ఏం చేయాలి?
– ఒక పాఠకుడు

జవాబు: పార్కు అమ్మలేదని ఆయన అన్నది నిజమే. లేఅవుట్‌లో పార్కుగా చూపించిన జాగాను మీకే కాదు, ఎవరికీ అమ్మే వీల్లేదు. రేపు ఆ నాలుగు ప్లాట్లు కొనేవాళ్లకూ ఇదే వర్తిస్తుంది.

మీరు నాలుగు సమస్యలు రాశారు గానీ, అందులో మూడింటికి మూలం ఒక్కటే అనిపిస్తోంది. హెచ్‌ఎండీఏ లేఅవుట్ రెండు దశల్లో వస్తుంది. మొదట డ్రాఫ్ట్ లేఅవుట్ ఇస్తారు. రోడ్లు, డ్రైనేజీ, నీళ్లు, కరెంటు పనులు పూర్తి చేస్తాడన్న హామీ కింద 15 శాతం ప్లాట్లను హెచ్‌ఎండీఏ పేరిట మార్ట్‌గేజ్ చేయించుకుంటారు. పనులు పూర్తయ్యాక రోడ్లను, పార్కును స్థానిక సంస్థకు గిఫ్ట్ డీడ్‌తో రాసిచ్చేస్తే ఫైనల్ లేఅవుట్ ఇచ్చి ఆ ప్లాట్లను విడుదల చేస్తారు. మీ వెంచర్‌లో డ్రైనేజీ పూర్తి కాలేదు, కాబట్టి మీ బావమరిది ప్లాటు విడుదల కాలేదు. బహుశా గిఫ్ట్ డీడ్ కూడా జరిగి ఉండదు. ‘నా పట్టాయే’ అన్న ధీమా అక్కడి నుంచే వస్తోంది. పని ఎగ్గొట్టినవాడు ఆ ఎగవేతనే హక్కుగా చూపిస్తున్నాడన్నమాట. నా ప్రాక్టీసులో తరచూ వినే వాదనే ఇది.

ఈ వాదన చట్టం ముందు నిలవదు. ఢిల్లీకి చెందిన పండిట్ చేత్‌రామ్ వశిష్ట్ కేసులో సుప్రీంకోర్టు ఈ విషయం తేల్చింది. లేఅవుట్‌లో పార్కుకు, బడికి వదిలిన స్థలం కాగితం మీద యజమాని పేరిటే ఉన్నా, ఆయన దాన్ని ప్రజల తరఫున ట్రస్టీగా ఉంచుకున్నట్టే, ఇంకో పనికి వాడుకోకూడదు అంది. 1991లో బెంగళూరు మెడికల్ ట్రస్టు కేసులో అయితే, పార్కు స్థలాన్ని ఆసుపత్రి కట్టుకోవడానికి ప్రభుత్వమే ఇప్పించినా చెల్లదని చెప్పింది. ప్రభుత్వానికే లేని వెసులుబాటు ఒక రియల్టర్‌కు ఎక్కడి నుంచి వస్తుంది? పైగా లేఅవుట్‌లో నిబంధనల ప్రకారం కొంత శాతం ఖాళీ స్థలం వదలాలి. అందులోంచి 1,200 గజాలు కోసేస్తే ఆయనకు అనుమతి వచ్చిన లెక్కే తప్పుతుంది.

‘లేఅవుట్ రివైజ్ చేయించాం’ అనే మాట కూడా రావచ్చు. అప్పుడు రెరా (స్థిరాస్తి నియంత్రణ) చట్టం సెక్షన్ 14 గుర్తుపెట్టుకోండి. ఆమోదించిన లేఅవుట్‌ను, ఉమ్మడి స్థలాలను మార్చాలంటే కొనుగోలుదారుల్లో కనీసం మూడింట రెండు వంతుల మంది ముందే రాతపూర్వకంగా ఒప్పుకోవాలి. ఈ లెక్కలో రియల్టర్‌కు చోటు లేదు. ఒకే కుటుంబం చేతిలో పది ప్లాట్లున్నా అది ఒక్క ఓటే. బంధువుల పేర్ల మీద ప్లాట్లు పెట్టుకుని సంతకాలు పోగుచేసే తెలివికి చట్టం ముందే గండి కొట్టింది. అయితే మీలో ఎవరైనా రిజిస్ట్రేషన్ రోజు హడావిడిలో ‘మార్పులకు అభ్యంతరం లేదు’ అనే కాగితం మీద సంతకం పెట్టారేమో వెతకండి. పెట్టినా దిగులు పడొద్దు. ఏ మార్పో చెప్పకుండా ముందుగానే తీసుకున్న సంతకం మీద గట్టిగా పోరాడొచ్చు.

ఈ వారమే చేయాల్సింది కాగితాలు సేకరించడం. మీ సేల్ డీడ్‌లో ఎల్‌పీ (లేఅవుట్ పర్మిట్) నంబర్ ఉంటుంది. తెలంగాణ రెరా వెబ్‌సైట్‌లో ప్రాజెక్టు పేరుతో వెతికితే ఆమోదించిన లేఅవుట్ కనిపిస్తుంది, వెంటనే దించి ప్రింట్ తీసుకోండి. బ్రోషర్ కూడా దాచండి, కానీ అసలు బలం ఆ ఆమోదిత ప్లాన్‌దే. డ్రాఫ్ట్, ఫైనల్ లేఅవుట్‌ల సర్టిఫైడ్ కాపీల కోసం హెచ్‌ఎండీఏకు, గిఫ్ట్ డీడ్ ఉందో లేదో చెప్పమని స్థానిక మున్సిపాలిటీకి లేదా గ్రామ పంచాయతీకి సమాచార హక్కు దరఖాస్తులు పెట్టండి. ముప్పై రోజుల్లో జవాబు ఇవ్వాలి. పార్కు ఉన్న సర్వే నంబరుకు ఈసీ (ఆస్తి మీద జరిగిన లావాదేవీల పత్రం) తీస్తే ఇప్పటికే ఎవరికైనా అమ్మాడా అన్నది తెలుస్తుంది.

తర్వాత సంఘం. ఏడుగురు కలిస్తే 2001 సొసైటీల చట్టం కింద రిజిస్టర్ చేసుకోవచ్చు. ఒంటరిగా కూడా రెరాలో ఫిర్యాదు వేయొచ్చు. కానీ ఒక్కరే వెళ్తే రియల్టర్ ఆ ఒక్కరితో మాట్లాడుకుని కేసు వెనక్కి తీయిస్తాడు. సంఘం పేరిట ‘ఫారం ఎం’లో ఫిర్యాదు వేసి, పార్కులో అమ్మకం, నిర్మాణం ఆపమని సెక్షన్ 36 కింద మధ్యంతర ఉత్తర్వు అడగండి. అదే ఫిర్యాదులో డ్రైనేజీ కూడా కలపండి. పనుల్లో, సౌకర్యాల్లో లోపాలకు రియల్టర్ బాధ్యత ప్లాటు అప్పగించినప్పటి నుంచి ఐదేళ్లు. మీ విషయంలో అది 2027 ఆగస్టు దాకా. అంత దూరం రానివ్వకండి, ఇప్పుడే లిఖితపూర్వకంగా నోటీసు పంపండి. అడిగిన ముప్పై రోజుల్లో సొంత ఖర్చుతో సరిచేయాలి. మామూలు సివిల్ కోర్టుకు వెళ్దామని ఎవరైనా చెబితే కాస్త ఆగండి. రెరా తేల్చగలిగిన విషయాల్లో సివిల్ కోర్టులకు అధికారం లేదని సెక్షన్ 79 చెబుతోంది. ఆ అభ్యంతరం మీదే ఏడాది గడిచిపోతుంది.

హెచ్‌ఎండీఏకు, స్థానిక సంస్థకు కూడా ఫిర్యాదు ఇవ్వండి. పార్కు స్థలాన్ని రిజిస్ట్రేషన్ చట్టం 22-ఏ నిషేధిత జాబితాలో పెట్టమని సబ్ రిజిస్ట్రార్‌కు రాయాలని కోరండి. కదలిక లేకపోతే హైకోర్టులో రిట్ ఉంది. ఆక్రమణలు తొలగించే హైడ్రా దగ్గరికి వెళ్దామని మీవాళ్లు అంటూ ఉంటారు. దాని పరిధి ఔటర్ రింగ్ రోడ్డు వరకే, శంకర్‌పల్లి ఆ రోడ్డుకు అవతల ఉంది.

ఇక మీ బావమరిది. మార్ట్‌గేజ్ ప్లాటును విడుదల కాకముందే అమ్మజూపడం ఒక తప్పు, రిజిస్టర్ చేసిన అగ్రిమెంటు లేకుండా పది శాతానికి మించి డబ్బు తీసుకోవడం ఇంకో తప్పు. రెండోది రెరా సెక్షన్ 13కి విరుద్ధం. ఆయన ముందు రెండు దారులున్నాయి. ప్లాటు వద్దనుకుంటే డబ్బు వడ్డీతో వెనక్కి అడగొచ్చు. తెలంగాణలో ఆ వడ్డీ స్టేట్ బ్యాంకు గరిష్ఠ ఎంసీఎల్‌ఆర్ (అప్పుల వడ్డీకి బ్యాంకు ఆధారంగా తీసుకునే రేటు) మీద మరో రెండు శాతం. ప్లాటే కావాలంటే, ఆలస్యమైన ప్రతి నెలకూ వడ్డీ అడుగుతూ ఎదురుచూడొచ్చు. శంకర్‌పల్లి వైపు ధరలు చూసుకుంటే రెండోదే మేలని నా అభిప్రాయం. కాకపోతే ముందు ఆ ప్లాటు నంబరు మీద ఈసీ తీయించి, అదే ప్లాటును ఇంకొకరికి కూడా రాసిచ్చాడేమో చూడాలి. అలా ఉంటే విషయం మారిపోతుంది. మోసం చేశాడని పోలీసు ఫిర్యాదు కూడా ఇవ్వాలి. వినియోగదారుల కమిషన్ దారి కూడా ఉంది. సౌకర్యాలతో ప్లాట్లు వేసి అమ్మడం ‘సేవ’ కిందికే వస్తుందని 2012లో మన హైదరాబాద్ నుంచే వెళ్లిన నార్నే కన్‌స్ట్రక్షన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా అమ్మకాన్ని ఆపించే పని ఉంది కాబట్టి మీ అందరికీ రెరాయే అనువు.

రోడ్డు విషయంలో మాత్రం మీకు నచ్చని జవాబే చెప్పాలి. లేఅవుట్ రోడ్లు స్థానిక సంస్థకు అప్పగించాక పబ్లిక్ రోడ్లే. గేటు పెట్టి వాచ్‌మన్‌ను నిలబెట్టినంత మాత్రాన అది గేటెడ్ కమ్యూనిటీ కాదు. ఫేజ్-2 వాళ్లను ఆపడానికి కేసు వేస్తే ఖర్చు మీకు, లాభం ఆయనకు. దానికి బదులు ఫేజ్-2 లేఅవుట్ కాపీ కూడా తెప్పించుకుని రెండు విషయాలు చూడండి. వాళ్ల మురుగునీరు మీ సగం లైనులోకే కలుపుతున్నారా, వాళ్లు వదలాల్సిన ఖాళీ స్థలం కింద మీ పార్కునే చూపించారా అని. రెండోది కనిపిస్తే ఆ కాపీని ఫిర్యాదుకు జతచేసి హెచ్‌ఎండీఏ ప్లానింగ్ విభాగానికి వెంటనే ఇవ్వండి. ఫేజ్-2 అనుమతి అక్కడే ఆగే అవకాశం ఉంది.