పీడనమా, ఒత్తిడా?

ప్రశ్న: పంపుల పనితీరు పరీక్షల్లో ప్రెషర్ రీడింగులు రాస్తుంటాను. తెలుగు రిపోర్టులో 'పీడనం' అని రాస్తే మా సూపర్‌వైజరు గారు కొట్టేసి 'ఒత్తిడి' అని దిద్దారు. ఏది సరైనది? (ఒక పాఠకుడు, ముత్తుకూరు, నెల్లూరు జిల్లా)

సమాధానం: రెండూ తప్పు కావు. అయినా పీడనాన్ని కొట్టేయాల్సిన పని లేదు. సంస్కృతంలో పీడ్ ధాతువుకు నొక్కడం, పిండటం అనే అర్థం ఉంది. భర్తృహరి 'లభేత సికతాసు తైలమపి యత్నతః పీడయన్' అన్నాడు, అంటే పట్టుబట్టి పిండితే ఇసుకలోంచైనా నూనె రావచ్చని. దాన్నే ఏనుగు లక్ష్మణకవి 'తివిరి యిసుమున తైలంబు దీయవచ్చు' అని తెనిగించాడు. పద్యం ఊరూరా నోళ్లలో నిలిచింది గానీ, 'తివిరి'లో ప్రయత్నం మాత్రమే మిగిలి ఆ పిండటం జారిపోయింది. ఎన్నిసార్లు చదువుకున్నా నాకు ఆ ఒక్క మాట దగ్గరే మనసు ఆగుతుంది. పెళ్లికి పాణిపీడనం అనే పేరుందంటే అది చెయ్యి పట్టుకోవడమే, అందులో బాధ పెట్టడం లేదు కదా! మనం పీడకల, పీడ విరగడ అంటూ బాధ అర్థాన్నే వాడుకలో ఉంచుకున్నాం, అందుకే పీడనం అంటే మీ సూపర్‌వైజరు గారికి నచ్చి ఉండదు.

ఒత్తిడి 'ఒత్తు' నుంచి వచ్చింది. జంతికలు ఒత్తుతాం, కాళ్లు ఒత్తుతాం. చక్కటి మాట. ఇప్పుడు పని ఒత్తిడి, పరీక్షల ఒత్తిడి, పైవాళ్ల ఒత్తిడి అని టెన్షన్ ఉన్నచోటల్లా దాన్నే రాసి అరగదీశారు, ఇది బాగాలేదు. బీపీకి రక్తపోటు ఉండనే ఉంది, మైపాడు సముద్రానికీ పోటే.

మాట సంగతి అలా ఉంచితే, మీరు జతచేసిన కాగితంలో 'పీడనం 4.2 బార్' అని ఊరుకున్నారు. గేజి పీడనమా, పరమ పీడనమా? పరమ పీడనానికి (absolute) గాలే లేని శూన్యం సున్నా, గేజి మాత్రం బయటి గాలిని సున్నాగా పట్టుకుంటుంది. సముద్రమట్టం దగ్గర ఆ గాలి పీడనమే సుమారు 1.013 బార్, పంపు నీళ్లు పీల్చే సక్షన్ వైపు లెక్కల్లో అది తప్పితే అన్నీ తప్పుతాయి. గేజిని ట్యాపింగుకు (పైపులోంచి పీడనం అందుకునే రంధ్రానికి) 3 మీటర్లు కింద బిగించి, మధ్య గొట్టం నిండా నీళ్లుంటే ముల్లు దాదాపు 0.3 బార్ ఎక్కువ చూపిస్తుంది, దాన్నీ తీసెయ్యాలి.

రిపోర్టులో పీడనమే ఉంచండి, పాఠ్యపుస్తకాలూ అదే వాడుతున్నాయి. ఆయన ఒత్తిడే కావాలంటే నేను కాదనను, కాని మొదటి పేజీ నుంచి చివరిదాకా ఒకే మాట ఉండాలి, ప్రతి అంకె పక్కనా గేజియో పరమమో రాసి తీరాలి.