బైపీసీ అమ్మాయి ఆర్కియాలజీ అంటోంది, అది ఊహల చదువేనా?

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ బైపీసీ రెండో ఏడాది. నీట్ రాయనంటోంది, ఆర్కియాలజీ (పురావస్తు శాస్త్రం) చదువుతానంటోంది. నేను వ్యాపారం చేసుకునేవాణ్ని, లెక్క తేలందే ఏదీ నమ్మను. రాత లేదు, సాక్షి లేడు. నాలుగు పెంకులు, ఇంత బూడిద చూసి వేల ఏళ్ల కిందట మనుషులు ఇలా బతికారని ఎలా చెప్తారు? ఎవరికి తోచింది వాళ్లు చెప్పడమేగా? అలాంటి చదువుకి డబ్బు పెట్టమంటారా? పెడితే ఉద్యోగం వస్తుందా? (ఒక తండ్రి, అనంతపురం జిల్లా)

జవాబు: ఉద్యోగం సంగతికి వస్తాను. ముందు మీ మొదటి ప్రశ్న చూద్దాం. రేపు మీ అమ్మాయి జీవితమంతా జవాబు చెప్పుకోవాల్సిన ప్రశ్న అదే కాబట్టి.

బూడిద అని మీరు మాటవరసకే అని ఉంటారు. కానీ దక్షిణాదిన ఆర్కియాలజిస్టులు తరాల తరబడి తల బద్దలు కొట్టుకున్న విషయాల్లో బూడిద ఒకటి. మీ జిల్లాలోనే పాలవాయి దగ్గర ఒక బూడిద దిబ్బ ఉంది, ఆర్కియాలజిస్టు వి. రామిరెడ్డి తవ్వారు. బళ్లారి, రాయచూరు, కర్నూలు, పాత మహబూబ్‌నగర్ ప్రాంతాల్లో కలిపి ఇలాంటివి వందకు పైగా ఉన్నాయి. కొన్ని మనిషి నిలువుకు రెండింతలు దాటతాయి. తెల్లటి, బూడిదరంగు పొరల మధ్య అక్కడక్కడా కరిగి గాజులా గట్టిపడిన ముద్దలు. అంత బూడిద ఎక్కణ్నుంచి వచ్చింది?

బళ్లారి దగ్గర కుడతిని దిబ్బ గురించి అడిగితే ఊరివాళ్లు భీముడు హిడింబాసురుణ్ని దహనం చేసిన చోటని చెప్పేవారు. దొరల కాలంలో చూసినవాళ్లు ఒకరు అగ్నిపర్వతం అన్నారు, ఒకరు ఇనుము కరిగించిన కొలుములన్నారు, ఇంకొకరు మనుషుల్ని గుంపులుగా దహనం చేసిన బూడిద అన్నారు. ఇక్కడివరకు చూస్తే మీ మాటే నిజం, ఎవరికి తోచింది వాళ్లు చెప్పారు.

తర్వాత జరిగింది చూడండి. అగ్నిపర్వతమైతే చుట్టుపక్కల రాయిలో దాని జాడ ఉండాలి, లేదు. ఇనుము కరిగిస్తే చిట్టెం మిగలాలి, ఆ ముద్దల్లో ఇనుము ఆ పాళ్లలో లేదు. పైగా ఆ పొరల్లో దొరికేవి నూరిన రాతి గొడ్డళ్లు, చేత్తో చేసిన కుండల పెంకులు, అంటే ఇనుము రాకముందు కాలపు వస్తువులు. మనుషుల దహనమైతే ఎముకలు చెప్పాలి, దొరికినవి ఎక్కువగా పశువులవి. పందొమ్మిదో శతాబ్దంలోనే జియాలజిస్టు రాబర్ట్ బ్రూస్ ఫూట్‌కి ఇది కాలిన పేడేమోనన్న అనుమానం వచ్చింది. 1950ల చివర్లో లండన్‌లో జోయ్‌నర్ అనే శాస్త్రవేత్త ల్యాబ్‌లో పరీక్షించి అది ఆవుపేడేనని తేల్చాడు. పేడను కుప్పగా పోసి బాగా వేడెక్కేలా కాలిస్తే అలాంటి గాజు ముద్దలు వస్తాయి.

1957లో ఆల్చిన్ అనే బ్రిటిష్ ఆర్కియాలజిస్టు పాత మహబూబ్‌నగర్ జిల్లా ఉట్నూరులో తవ్వాడు (ఆదిలాబాద్ ఉట్నూరు వేరు, చాలామంది పొరబడతారు). దిబ్బ అడుగున వరసగా గుంజలు పాతిన గుంటలు బయటపడ్డాయి. గుంజ ఎప్పుడో చివికిపోయింది, అది నిలబడ్డ చోట మాత్రం మట్టి రంగు వేరేగా ఉంటుంది. ఆ మచ్చలన్నీ కలిపి గీస్తే దడి కట్టిన దొడ్డి తేలింది. లోపల పశువుల గిట్టల అచ్చులు! గిట్ట అచ్చు పడాలంటే నేల మెత్తగా ఉండాలి, అది చెదరకముందే పైన ఇంకో పొర కప్పేయాలి. ఒక్క అచ్చు చూసి పశువు అక్కడ నిలబడిందని చెప్పొచ్చు, నేల ఎలా ఉందో చెప్పొచ్చు, పైపొర ఎంత త్వరగా పడిందో కూడా చెప్పొచ్చు. అదే గుంజ గుంటను తవ్వి పారేసి, పెంకుల్ని సంచిలో వేసుకుని ఇంటికి తెచ్చుకుంటే ఇందులో ఒక్కటీ మిగలదు. వస్తువు కన్నా అది ఏ పొరలో, దేని పక్కన, ఎంత లోతులో ఉందన్నదే ఈ చదువులో అసలు ఆస్తి. బంగారు నాణెం దొరికిందని పేపర్లో ఫొటో వేసినప్పుడల్లా నాకు ముందు గుర్తొచ్చేది ఇదే.

కాబట్టి ఇవి సుమారు నాలుగైదు వేల ఏళ్ల కిందట రాతి పనిముట్లతో బతికిన పశుపోషకుల దొడ్లకు సంబంధించినవన్న దగ్గర పెద్దగా తగాదా లేదు. తగాదా మిగిలింది ఒక్కచోటే. పేడను ఎందుకు కాల్చారు? మన రైతు పేడను ఎరువుకు వాడతాడు, పిడక చేస్తాడు, దొడ్డి మొత్తానికి నిప్పు పెట్టడు కదా. ఆల్చిన్ మన భోగిమంటల్ని, హోలీని, పశువుల్ని మంట దాటించే ఆచారాల్ని చూపించి ఇది ఏటేటా జరిగే పండగ లాంటిది కావచ్చన్నాడు. వినడానికి బాగుంది. కానీ పోలిక ఉన్నంత మాత్రాన రుజువైనట్టు కాదు. మధ్యలో వేల ఏళ్లున్నాయి. 1990ల్లో కర్ణాటక బుదిహాళ్‌లో మన తెలుగువారు, డెక్కన్ కాలేజీ డైరెక్టర్‌గా చేసిన కాట్రగడ్డ పద్దయ్య విశాలంగా తవ్వించారు. దిబ్బ పక్కనే ఇళ్లు, పశువుల్ని కోసిన చోటు బయటపడ్డాయి. అంటే ఇది ఎక్కడో అడవిలో వేసిన తాత్కాలిక దొడ్డి కాదు, ఊరిలో భాగమే. అక్కడ పేడను పోగేసి కాల్చడం రోజువారీ శుభ్రతలో పనే అయ్యుండొచ్చని ఆయన వాదన. కాదు, కావాలనే ఎత్తుగా పేర్చి ఊరి గుర్తుగా నిలబెట్టారన్నవాళ్లూ ఉన్నారు.

ఏది నిజం? ఇంకా తేలలేదు. అయితే ఒక్క సంగతి గమనించండి. అగ్నిపర్వతం అని ఇవాళ ఎవరన్నా అంటే ఈ రంగంలో పట్టించుకునేవాడుండడు. తోచింది చెప్పే హక్కు అందరికీ ఉంటుంది, కానీ ఒక్కొక్క తవ్వకంతో ఆ జాబితాలోంచి కొన్ని పేర్లు కొట్టేయాల్సి వస్తుంది. కోర్టులో సాక్ష్యం బట్టి కేసు నిలవడమో వీగిపోవడమో జరిగినట్టే ఇదీనూ. మంచి రిపోర్టు చదివితే ఇది కళ్లతో చూసింది, ఇది దాన్నిబట్టి అనుకున్నది, ఇది కేవలం మా ఊహ అని మూడూ విడివిడిగా కనిపిస్తాయి. అలా విడదీయలేని మనిషి ఈ రంగంలో నెగ్గలేడు. ఎప్పటికీ పూర్తి జవాబు దొరకదంటే చిరాకుపడే పిల్లకు నేను ఈ చదువు చదవమని చెప్పను. మీ అమ్మాయికి ఆ ఓపిక ఉందా లేదా అన్నది మీకే బాగా తెలుసు.

ఇక బైపీసీ వృథా అవుతుందన్న భయం ఉంటే వదిలేయండి. అదే తన బలం. తవ్విన మట్టిని నీళ్లలో కలిపితే ఎప్పుడో మాడి బొగ్గైన గింజలు పైకి తేలతాయి. వాటిని వడగట్టి, ఆరబెట్టి, మైక్రోస్కోపు కింద పెట్టి ఏ పైరువో గుర్తుపట్టాలి. మన ప్రాంతంలో ఆ కాలపు మనుషులు ఉలవలు, పెసలు, అండుకొర్రల లాంటి చిరుధాన్యాలు తిన్నారని ఇలా తేలిందే. ఎముక మీద కత్తి గాటు చూసి వంటకు కోశారా అని చెప్పేవాళ్లు, పేడలో మిగిలిన గడ్డి సిలికా రేణువుల్ని చూసి పశువు ఏం మేసిందో చెప్పేవాళ్లు కావాలి. హిమాలయాల్లో రూప్‌కుండ్ సరస్సు దగ్గర దొరికిన మనుషుల అస్థిపంజరాల గురించి విని ఉంటారు. అందరూ ఒకే ప్రమాదంలో పోయారని ఏళ్ల తరబడి అనుకున్నారు. 2019లో మన హైదరాబాద్‌లోని జీవశాస్త్ర పరిశోధన సంస్థ సీసీఎంబీ శాస్త్రవేత్తలూ ఉన్న బృందం డీఎన్ఏ, కార్బన్ తేదీలు చూస్తే వాళ్లు వేర్వేరు గుంపులని, మధ్యలో సుమారు వెయ్యేళ్ల తేడా ఉందని, ఒక గుంపు మూలాలు మధ్యధరా ప్రాంతంవని బయటపడింది. హిస్టరీ మాత్రమే చదివినవాళ్లు ఆ పని చేయలేరు.

దారి ఇలా ఉంటుంది. డిగ్రీ బాటనీ, జువాలజీ, జియాలజీల్లో దేనితోనైనా చేయొచ్చు. జియాలజీ దొరికితే నేను దానికే మొగ్గుతాను, పొరలు చదవడం అక్కడే వస్తుంది. తర్వాత ఎంఏ: పుణె డెక్కన్ కాలేజీ, బరోడా ఎంఎస్ యూనివర్సిటీ, మన దగ్గర ఉస్మానియా, ఆంధ్రా, తిరుపతి ఎస్వీ యూనివర్సిటీలు. సైన్సు డిగ్రీవాళ్లను తీసుకునేవి ఉన్నాయి, అర్హత మాత్రం ఆ ఏటి నోటిఫికేషన్‌లో చూసుకోండి. పీజీ అయ్యాక గ్రేటర్ నోయిడాలో ఆర్కియాలజికల్ సర్వే వాళ్ల ఇన్‌స్టిట్యూట్‌లో రెండేళ్ల డిప్లొమా ఉంది. సీట్లు తక్కువ, వయసు పరిమితి ఉంటుంది, కాబట్టి మధ్యలో ఏళ్లు పోగొట్టుకోవద్దు.

ఉద్యోగాలు తక్కువ. తిప్పి చెప్పను. సర్వేలో, రాష్ట్ర శాఖల్లో పోస్టులు ఎప్పుడో పడతాయి, పైస్థాయివి యూపీఎస్సీ ద్వారా. నెట్ (లెక్చరర్ అర్హత పరీక్ష), జేఆర్ఎఫ్ (పరిశోధన ఫెలోషిప్) తెచ్చుకుంటే పీహెచ్‌డీ, బోధన. మ్యూజియాలు ఉన్నాయి. లక్నోలోని బీర్బల్ సాహ్ని సంస్థ లాంటి ల్యాబుల్లో ప్రాజెక్టు పోస్టులు ఉంటాయి, మొదట్లో చాలావరకు కాంట్రాక్టే. ముప్పై ఏళ్లు దగ్గరపడేదాకా స్థిరమైన జీతం రాకపోవచ్చు. అంతవరకు ఇల్లు తట్టుకోగలదా అన్న లెక్క మీరు వేసుకోండి, అది అమ్మాయి వేయాల్సిన లెక్క కాదు. ఒకవేళ ఈ రంగంలో కుదరకపోయినా జియాలజీ, మ్యాపింగ్, జీఐఎస్ (కంప్యూటర్ మ్యాపుల పని) చేతిలో ఉంటే బయట పని దొరుకుతుంది. అందుకే డిగ్రీ సైన్సులోనే చేయించమంటున్నాను.

ఫీజు కట్టే ముందు ఒక పని చేయండి. ఈ సెలవుల్లో అమ్మాయిని తీసుకుని పాలవాయి వెళ్లి రండి. ఏమీ తీయొద్దు, తవ్వొద్దు. ఈ దిబ్బల్లో చాలావాటిని ఇప్పటికే పొలాల్లోకి ఎరువని తోలేశారు. కోత పడిన చోటుంటే దాని ముందు కూర్చుని, కనిపించిన పొరల్ని స్కేలు పెట్టి నోటుబుక్కులో గీయమనండి. ఎండలో రెండు గంటలు కూర్చుని గీశాక ఇంకా ఏదో అడగాలని ఉందంటే, డిగ్రీ ఫారం నింపేటప్పుడు జియాలజీ ఉన్న కాలేజీ పేరు ముందు రాయించండి.