మంచులో ఉన్న మొక్కకు దాహమేమిటి?

చలిదేశాల్లో కొత్తగా ఇల్లు కొన్న మనవాళ్లు మార్చి వచ్చేసరికి తప్పకుండా అడిగే ప్రశ్న ఒకటుంది. "ఏడాదంతా పచ్చగా ఉంటాయన్నారని కంచె వెంట ఆర్బర్‌వైటీ మొక్కలు వేశాం. ఒకవైపంతా ఇటుక రంగుకి తిరిగిపోయాయి. చలికి చచ్చిపోయాయా?" చాలాసార్లు అది చలి పని కాదండీ, దాహం.

ఆకురాల్చే చెట్లు చలి ముదరకముందే ఆకులు దులిపేసుకుని నిశ్చింతగా ఉంటాయి. ఎప్పుడూ పచ్చగా ఉండేవాటికి ఆ వెసులుబాటు లేదు. ఆకు ఉన్నంతకాలం తేమ ఎంతో కొంత పోతూనే ఉంటుంది. ఆకు మీద మైనంలాంటి పూత ఉన్నా, సన్నటి రంధ్రాలు మూసుకున్నా పూర్తిగా ఆగదు. బాగా ఎండ కాసి, గాలి కొట్టే రోజున మరీ ఎక్కువ పోతుంది. మామూలు రోజుల్లో అయితే పోయిన నీటిని వేళ్లు భర్తీ చేస్తాయి. నేల గడ్డకట్టాక మట్టిలో నీళ్లున్నా అవి మంచుగడ్డే, వేళ్లకు అందవు. ఖర్చు ఆగదు, రాబడి మాత్రం ఆగిపోతుంది.

అనుమానముంటే మొక్క మొదట్లో చూడండి. శీతాకాలమంతా మంచులో కూరుకుపోయి ఉన్నంత మేర పచ్చగా ఉంటుంది, దాని పైనుంచి గీత గీసినట్టు గోధుమరంగు. మంచు ఆ భాగానికి దుప్పటిలా పనిచేసి ఎండనీ గాలినీ తగలనివ్వలేదన్నమాట. ఉత్తరార్ధగోళంలో దక్షిణం, పడమర వైపులూ, గాలి తగిలే వైపూ ఎక్కువ మాడతాయి. రోడ్డు వైపు మాత్రమే మాడితే మంచు కరగడానికి చల్లే ఉప్పును కూడా అనుమానించాలి. రోడోడెండ్రాన్ అనే, ఏడాదంతా పచ్చగా ఉండే పూలపొద ఆకులు గట్టి చలిలో వేలాడిపోయి చుట్టల్లా చుట్టుకుంటాయి. వాటిని చూసి టెన్షన్ పడకండి, చలి తగ్గితే మళ్లీ విచ్చుకుంటాయి.

నీళ్లు పోయాల్సింది శరదృతువులో. వానలు సరిగా లేకపోతే నేల గడ్డకట్టేదాకా వారానికోసారి వేళ్ల లోతుకి దిగేలా పోయండి. నాటాక రెండు మూడేళ్లు కూడా నిండని మొక్కలకు ఇది మరీ ముఖ్యం, వాటి వేళ్లు ఇంకా విస్తరించి ఉండవు. మొదటి ఏడాది ఇది తెలియక జనవరిలో బకెట్ పట్టుకుని వెళ్లాను. గడ్డకట్టిన పాదులో నీళ్లు ఇంకలేదు. దారి మీదికి పారి అద్దంలా గడ్డకట్టాయి, మర్నాడు జారిపడింది కూడా నేనే.

మొదలు చుట్టూ రెండు మూడు అంగుళాల మందాన చెక్కపొట్టు పరవండి, కాండానికి మాత్రం ఆనించకండి. గాలి వచ్చే వైపు కర్రలు పాతి గోనెపట్టా కట్టండి. ప్లాస్టిక్ షీటు చుట్టొద్దు, ఎండ కాస్తే లోపల వేడెక్కి మొక్క ఉడికిపోతుంది. ఆకుల మీద కొట్టే తేమ నిలిపే స్ప్రేలు దొరుకుతాయి కానీ ఒకసారి పనిచేస్తే ఒకసారి పనిచేయవు. నేనైతే వాటిమీద డబ్బు పెట్టను.

ఇక అసలు పరీక్ష వసంతంలో. గోధుమరంగు కనబడగానే కత్తెర తీయకండి. ఆకు మాడినా మొగ్గ బతికి ఉండొచ్చు. కొత్త చిగుళ్లు వచ్చేదాకా ఆగి, అప్పుడు ఎండిన మేరకే కత్తిరించండి. ఆర్బర్‌వైటీని ఆకుల్లేని పాత కొమ్మదాకా కోసేస్తే అక్కడ మళ్లీ చిగురు రావడం కష్టం. యూ అనే మరో పచ్చటి కంచె మొక్క అయితే పాత కొమ్మ నుంచీ చిగురిస్తుంది. ఆగలేకపోతే సన్నకొమ్మ మీద బెరడును గోటితో కొంచెం గీకి చూడండి. కింద తడిగా, ఆకుపచ్చగా ఉంటే ప్రాణమున్నట్టే.

ఈ గోటి పరీక్ష నాకు ఆలస్యంగా తెలిసింది. నా మొదటి మొక్కను మార్చిలోనే పెరికి పెరటి మూల పడేశాను. ఏప్రిల్‌లో ఊరికే ఒక కొమ్మ గీకి చూశాను. ఇంకా పచ్చగానే ఉంది.