వీడియోలు మానిపించాలా, క్లైమేట్ సైన్స్ చదివించాలా?

ప్రశ్న: మా అమ్మాయి ఫిజిక్స్ డిగ్రీ రెండో ఏడాది. గ్లోబల్ వార్మింగ్ మీద చిన్న చిన్న వీడియోలు చేస్తోంది. క్లైమేట్ సైంటిస్ట్ అవుతానంటోంది. పీహెచ్‌డీ దారి మంచిదా, ఏడాదిలో అయిపోయే క్లైమేట్ కమ్యూనికేషన్ కోర్సు మంచిదా? వీడియోల కింద తిట్లు చూస్తే భయమేస్తోంది. మానిపించమంటారా?

జవాబు: కోర్సుల పేరు చెప్పి మీరు అడుగుతున్నది అమ్మాయి ఎప్పటికి స్థిరపడుతుందని. ముందు అదే చెబుతాను. పీజీ రెండేళ్లు, పీహెచ్‌డీ నాలుగు నుంచి ఆరేళ్లు, ఆపైన రెండు మూడేళ్ల కాంట్రాక్టు మీద పోస్ట్‌డాక్, అంటే పీహెచ్‌డీ తర్వాత చేసే తాత్కాలిక పరిశోధన ఉద్యోగం. అలాంటివి రెండు చేసేవాళ్లే ఎక్కువ. పర్మనెంట్ ఉద్యోగం వచ్చేసరికి ముప్పై దాటుతుంది, అందరికీ సరిపడా ఉద్యోగాలూ లేవు. అయినా ఎవరూ ఖాళీ చేతులతో మిగిలిపోరు. భూమిని గడులుగా విడగొట్టి ఒక్కో గడికి ఇచ్చే వాతావరణ లెక్కలను లక్షల్లో పైథాన్ అనే ప్రోగ్రామింగ్ భాషలో నడిపించి, ఆ లెక్కలో అనిశ్చితి ఎంతో చెప్పగలిగినవాళ్లు బీమా కంపెనీల విపత్తు అంచనాల విభాగాలకూ, గాలి, సౌర విద్యుత్ అంచనాలు కట్టే సంస్థలకూ కావాలి.

ఆ ఏడాది కోర్సు మీద మాత్రం నాకు గట్టి అనుమానాలే ఉన్నాయి. అలాంటివి చెప్పే తీరు నేర్పుతాయి. చెప్పేదాంట్లో తప్పు పట్టుకోవడం నేర్పవు. ఒక నెల ప్రపంచ ఉష్ణోగ్రత 'సగటు కంటే 0.7 డిగ్రీలు ఎక్కువ' అని చార్టు వచ్చిందనుకోండి. ఏ సగటు? 1991–2020 సగటయితే, అదే 1850–1900 నాటికంటే దాదాపు 0.9 డిగ్రీలు పైన ఉంది. అంటే మొత్తం పెరుగుదల 1.6. పెరుగుదలను 1.5 డిగ్రీల దగ్గర ఆపే ప్రయత్నం చేయాలని దేశాలు పారిస్ ఒప్పందంలో అనుకున్నాయి. ఆ 1.5ను మామూలుగా పోల్చేది ఆ పాత కాలంతోనే. ఇది తెలియనివాళ్లు 'ఇంకా సగం కూడా రాలేదు' అని వీడియో పెట్టేస్తారు. సగం తెలిసినవాళ్లు 'హద్దు దాటేశాం' అంటారు. ఆ హద్దు పదుల ఏళ్ల సగటుకు సంబంధించింది. 2024 ఒక్క ఏడాది 1.5 దాటినంత మాత్రాన ఒప్పందం హద్దు దాటినట్టు కాదు.

మాటల దగ్గరా ఇదే తిప్పలు. వాతావరణ మార్పుపై ఐక్యరాజ్యసమితి నిపుణుల సంఘం ఐపీసీసీ నివేదికల్లో 'లైక్లీ' అంటే జరిగే అవకాశం 66 శాతం, ఆపైన. 'వెరీ లైక్లీ' అంటే 90, ఆపైన. దాన్ని 'కావచ్చు' అంటే నీరుగారుతుంది, 'తప్పదు' అంటే అబద్ధమవుతుంది. అంకె చెప్పడమే మేలు.

ఇక తిట్ల సంగతి. తిట్టేవాళ్ల నోళ్లు మూయించలేక మీ అమ్మాయి నోరు మూయిద్దామనుకుంటున్నారు, అంతేగా? ఆ కామెంట్లు చదవడం ముందు మీరు మానండి. తనను వీడియోలకు వేరే ఈమెయిల్ పెట్టుకోమనండి. ఫోన్ నంబరు, ఇంటి ఆనవాళ్లు ఎక్కడా కనిపించకూడదు. ప్రశ్న అడిగినవాళ్లకే జవాబివ్వాలి. బెదిరింపు వస్తే స్క్రీన్‌షాట్ తీసి కాలేజీకి, అవసరమైతే పోలీసులకు ఇవ్వాలి. 2009లో బ్రిటన్‌లోని ఈస్ట్ ఆంగ్లియా యూనివర్సిటీ క్లైమేట్ శాస్త్రవేత్తల ఈమెయిళ్లు బయటపడ్డప్పుడు 'ట్రిక్' అన్న ఒక్క మాట పట్టుకుని మోసమన్నారు. లెక్కలో కిటుకు అనే అర్థంలో రాసిన మాట అది. డేటా కల్పించలేదని విచారణలు తేల్చాయి. కాబట్టి రాసే ప్రతి ఈమెయిలూ పదిమందీ చదువుతారనుకునే రాయాలి. ఇంకోటి, ఈ రంగంలో అందరూ మైకు పట్టుకోనక్కర్లేదు. క్లైమేట్ మోడళ్లకు, అంటే వాతావరణాన్ని కంప్యూటర్‌లో లెక్కకట్టే పద్ధతులకు, 2021లో నోబెల్ అందుకున్న శాస్త్రవేత్త మనాబే జీవితమంతా చేసింది ప్రధానంగా ఆ మోడళ్ల పనే.

ఏది ఎంచుకోవాలో ఇప్పుడే తేల్చక్కర్లేదు, మూడు నెలలు చూడండి. ఈఆర్‌ఏ5 అని ప్రపంచమంతటి పాత వాతావరణాన్ని గడి గడికీ లెక్కకట్టిన డేటా ఉంది. అది ఉచితం, 1940 నుంచి గంట గంటకూ ఉంటుంది. అందులో ఒక్క చోటు తీసుకుని, ముప్పై ఏళ్ల రోజువారీ గరిష్ఠ ఉష్ణోగ్రతల ధోరణి తనే గీయాలి. మొదటిసారి తప్పే వస్తుంది. విలువలు కెల్విన్‌లో ఉంటాయి, 273.15 తీసేయాలి. సమయం యూటీసీ అనే ప్రపంచ ప్రామాణిక సమయంలో ఉంటుంది, స్థానిక సమయానికి మార్చకపోతే రోజు తప్పు చోట తెగి కొన్ని గంటలు పక్క తేదీలో పడతాయి. వర్షం జోలికి వెళ్తే అది మీటర్లలో ఉంటుంది, మిల్లీమీటర్లలో కాదు. ఈ గొడవంతా తనకు ఆటలా ఉంటే పీహెచ్‌డీకి పంపండి. గ్రాఫు వదిలేసి కెమెరా దగ్గరికే పరిగెడుతుంటే సైన్స్‌లో పీజీ పూర్తిచేయించి, ఆ తర్వాత జర్నలిజం చదివించండి. ప్రపంచమంతటి డేటా దింపుకోవద్దని మాత్రం చెప్పండి. ఆ ఒక్క గడి చాలు, మామూలు లాప్‌టాప్ సరిపోతుంది.