సమాధానం: పుట్టిన పిల్లకు 1 బదులు 2 ఎందుకొచ్చింది

అన్నా, మహబూబ్‌నగర్ గొర్రెల మంద పట్టికలో పుట్టిన పిల్ల పునరుత్పత్తి విలువ (ఆ వయసు గొర్రె ఇకపై సగటున ఈనబోయే ఆడ పిల్లల లెక్క) 1 రావాల్సింది, 2 వచ్చిందన్నారు. ఈతల లెక్కలో పొట్టేలు పిల్లలనూ కలిపారు, తప్పు అక్కడే. ఆడ పిల్లలనే లెక్కించాలి.

మంద పెరగక, తరగక ఉందనుకోండి. 0, 1, 2 ఏళ్లకు బతికుండే వంతు 1, 0.5, 0.4, గొర్రెకు ఆడ పిల్లలు 0, 1, 1.25. గుణిస్తే 0, 0.5, 0.5. కావలసిన వయసు నుంచి చివరిదాకా కూడి, ఆ వయసు బతుకు వంతుతో భాగించండి: 1, 2, 1.25. ఏడాది గొర్రె పిల్లప్రాయపు చావులు దాటింది, ఈతలన్నీ ముందున్నాయి. అందుకే దానిదే ఎక్కువ. దాన్ని సంతకు తోలకండి.

మంద పెరుగుతుంటే, 1930లో గణాంక, జన్యు శాస్త్రవేత్త ఫిషర్ చూపినట్టు, ఆలస్యంగా పుట్టే పిల్లల విలువను వృద్ధి రేటుతో తగ్గించాలి. ఆ రేటు ఆయిలర్ సమీకరణం (పై గుణకాలను వృద్ధి రేటుతో తగ్గించి కూడితే మొత్తం 1 రావాలనే సూత్రం) నుంచే తీయండి, అంచనాతో వేస్తే పుట్టిన పిల్లకు మళ్లీ 1 రాదు.