విన్నవారే ఉత్తర్వు రాయాలి: కొత్త ఆర్డీవోకు ఒక లేఖ

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

ఆర్డీవోగా చేరిన వారంలోనే, నీకు ముందున్న అధికారి వాదనలు విని ఉత్తర్వుల కోసం ఉంచి వెళ్లిన పాసుపుస్తకాల అప్పీళ్లు పదకొండు నీ బల్లమీదికి వచ్చాయనీ, ముసాయిదాలు సిద్ధంగా ఉన్నాయి కనుక సంతకం పెడితే చాలునని సూపరింటెండెంటు అంటున్నాడనీ రాశావు. సంతకం పెట్టవద్దు. పదకొండింటిలోనూ ఇరుపక్షాలకు మళ్లీ నోటీసులిచ్చి నీవే విను.

ఇది నా చాదస్తం కాదు. కృష్ణా జిల్లాలో ప్రైవేటు బస్సులు నడిచే మార్గాలను ఆర్టీసీకి అప్పగించే పథకంపై యజమానులు అభ్యంతరాలు చెప్పినప్పుడు, వాటిని విన్నది రవాణా వ్యవహారాలు చూసే కార్యదర్శి, నిర్ణయించింది ముఖ్యమంత్రి. గుల్లపల్లి నాగేశ్వరరావు కేసుగా పేరుపడిన ఆ వివాదంలో సుప్రీంకోర్టు 1958లో ఆ నిర్ణయాన్ని కొట్టివేస్తూ, ఒకరు విని మరొకరు నిర్ణయిస్తే విచారణ ఉత్తి తంతు అవుతుందని చెప్పింది. పథకం తెచ్చిన శాఖను నడిపే అధికారే దానిపై అభ్యంతరాలు వినడాన్నీ తప్పుపట్టింది. తరువాత ముఖ్యమంత్రే స్వయంగా విన్నారు. ఆయన పక్షపాతి అన్న వాదనను 1959లో అదే కోర్టు అంగీకరించలేదు. నీ ముందున్న ఫైళ్లలో 'వాదనలు విన్నాను' అన్న ఒక్క ముక్క తప్ప, ఎవరేమన్నారో ఎంత రాసి ఉందో చూడు, నీకే తెలుస్తుంది.

రెండవ మాట నేను చేసిన తప్పు నుంచి చెబుతున్నాను. ఒక మ్యుటేషన్ (భూమి రికార్డులో హక్కుదారు పేరు మార్పు) అప్పీలులో విచారణ ముగిశాక, స్వాధీనంలో ఎవరున్నారో తేల్చుకుందామని తహసీల్దారు నుంచి నివేదిక తెప్పించి, దాని ఆధారంగానే అప్పీలు తోసిపుచ్చాను. ఆ కాగితాన్ని అప్పీలుదారుకు చూపించాలన్న ఆలోచనే నాకు రాలేదు. హైకోర్టు ఉత్తర్వును రద్దుచేసి తిరిగి విచారించమంది. ఈసారి నివేదిక నకలు చేతికివ్వగానే ఆ రైతు, "అయ్యా, ఇది పక్క సబ్‌డివిజన్ చెక్క, నాది కాదు" అన్నాడు. పటం తెప్పించి చూస్తే అతని మాటే నిజం. ఒక్క నిమిషంలో తేలవలసినదానికి రెండేళ్లు పట్టింది. అందువల్ల సర్వేయరు కొలతలైనా, గ్రామ రెవెన్యూ అధికారి పంచనామా అయినా, నీవు స్వయంగా వెళ్లి పొలం చూసి రాసుకున్న గమనికలైనా, ఇరుపక్షాలకూ చూపించి జవాబు తీసుకోనిదే ఉత్తర్వులోకి రానీయకు.

60 రోజుల గడువు దాటి వచ్చిన అప్పీలును చేర్చుకునే ముందు కూడా అవతలి పక్షాన్ని వినడం మరువకు.

ముసాయిదాలో వాస్తవాల భాగం గుమాస్తా రాస్తే రాయనీ, కారణాలు మాత్రం నీ చేతితో రాయి. 'రికార్డులు పరిశీలించగా అప్పీలులో బలం లేదు' అన్నది కారణం కాదు. అడంగల్‌లో (సాగు, స్వాధీనం వివరాలు రాసే గ్రామ లెక్కలో) ఏముంది, దస్తావేజులో ఏముంది, రెండింటిలో దేన్ని ఎందుకు నమ్మావు అన్నది కారణం. ఉత్తర్వులో లేని కారణాన్ని ఆ తరువాత అఫిడవిట్‌లో చేర్చి దాన్ని నిలబెట్టలేమని సుప్రీంకోర్టు మొహిందర్ సింగ్ గిల్ కేసులో స్పష్టంగా చెప్పింది. ఉత్తర్వు తెలుగులో రాస్తే ఓడినవాడు కూడా ఎందుకు ఓడాడో తానే చదువుకోగలడు.

సోమవారం అర్జీల రోజు కనుక వాయిదాలు ఆ రోజు వేయకు. మంత్రి పర్యటన హఠాత్తుగా వచ్చిపడితే ముందురోజే ఇరుపక్షాలకు ఫోను చేయించు. బస్సు దిగి వచ్చి సాయంత్రం దాకా వరండాలో కూర్చున్నవారి కోపం నాకు బాగా తెలుసు.

ఇట్లు,
మీ మామయ్య